బావ వేలి కొస

ఫిబ్రవరి 4, మంగళవారం

టెలిస్కోప్ లెన్స్ మీద మరక.

ఉదయం డ్యూటీ ఎక్కగానే కనిపించింది. బావ చెయ్యి ఎప్పటిలా నుదుటి దగ్గరే ఉంది. ఒకటో తారీఖున సర్వీసింగ్ అయింది కాబట్టి చూపుడువేలి కొస సరిగ్గా లెన్సులో అడ్డతీగా నిలువుతీగా కలిసే చోట ఉంది. అంతా సవ్యమే. కానీ అరచేతి పై అంచున ఆవగింజలో సగమంత తెల్లచుక్క. నిన్న లేదు. లేదా నేను చూడలేదు. ఇన్నేళ్ళుగా రోజూ ఆ చేతినే చూస్తున్నవాణ్ణి, చూడలేదంటే నాకే నమ్మబుద్ధి కావడం లేదు.

ఆఫీసుకి ఫోన్ చేసి కదలిక లేదు అన్నాను. రోజూ ఈ రెండు మాటలు చెప్పడమే నా ఉద్యోగం. రేవులో నా పేరు తాళంకప్ప. బాధపడను. పేరు పెట్టినవాళ్ళు నన్ను సరిగ్గానే చూశారు.

ఖర్చు: స్పిరిట్ అర సీసా, మెత్తగుడ్డ ఒకటి. మరక పోలేదు.

ఫిబ్రవరి 6, గురువారం

ఓడ దిగిన ప్రయాణికుడొకడు టవర్ చూస్తానని పైకి వచ్చాడు. అతనికి జవాబులు చెప్పే పని గాజుపిన్ని తీసుకుంది. లెన్సులు తుడవడం ఆవిడ ఉద్యోగం, మాట్లాడటం ఆవిడ ఆరోగ్యం.

ఇది నీళ్ళ సముద్రం కాదు నాయనా, కావాలంటే చెయ్యి ముంచి చూసుకో, తడిస్తే నన్నడుగు, అంది. ఇందులో పారేది చీకటీ వెలుతురూనట. చుక్కలు నురగలా కొట్టుకొచ్చి మెట్లమీద పేరుకుంటాయి, పొద్దున్నే ఊడ్చి పోసేది కూడా నేనే, దానికి వేరే జీతమేం లేదు, అని కూడా చెప్పింది. ఈ కడలిలో ఓడలూ లోకాలూ అన్నీ ఏదో ఒక వైపు పోతూనే ఉంటాయి, ఒక్క ఆ మడుగు తప్ప. దాన్లో కాలుపెట్టింది ఏదైనా అక్కడికక్కడే ఆగిపోతుంది. ఊపిరి సగంలో ఉంటే సగంలోనే. చావడం కాదు బాబూ, ఆగడం. అదిగో, ఆ పడవలో నిలబడ్డాయన మా తాళంకప్పకి బావ. మడుగు అంచున గుర్తుదీపాలు కట్టడానికి వెళ్ళి పాపం తనే గుర్తుదీపమైపోయాడు, అంది.

ఆ మాట నిజమే. ఈ రేవు నుంచి కనిపించేవాటిలో కదలనిది బావ వేలొక్కటే కాబట్టి రేవులో దీపస్తంభాన్నీ ఓడల దిక్సూచులనీ ఈ టెలిస్కోపునీ అన్నిటినీ ఆ వేలి కొసకే సరిచూస్తారు.

చెయ్యి ఊపుతున్నాడా అని ప్రయాణికుడు నన్ను అడిగాడు. అందరూ అదే అడుగుతారు. ఊళ్ళో దీనిమీద రెండు పార్టీలు. వెళ్ళొస్తానంటున్నాడని కొందరు, రక్షించమంటున్నాడని కొందరు. మా చెల్లెలు మూడో పార్టీ. ఆయన ఎవర్నో తిడుతున్నాడు, నాకు తెలుసు ఆ చెయ్యి, అంటుంది.

ఫిబ్రవరి 11, మంగళవారం

చెల్లెలు అప్లికేషన్ పెట్టింది. నాకు చెప్పకుండా పెట్టిందనను. పెట్టి వచ్చి చెప్పింది.

మడుగులో ఆగినవాళ్ళలో పన్నెండేళ్ళు ఏ కదలికా కనిపించకపోతే ఆ మనిషి లేనట్టే అని రూలు. భార్యకి విడుదల. వచ్చే ఏప్రిల్‌కి బావ వెళ్ళి పన్నెండేళ్ళు. ఆఫీసరు టవర్‌కి వస్తాడు, కంటితో చూస్తాడు, కాపలావాణ్ణి అడుగుతాడు. కాపలావాణ్ణి అంటే నన్ను.

ఆ తర్వాత గడియారాల మేస్త్రిని పెళ్ళి చేసుకుంటుందట. చెల్లెలు చొక్కా గుండీ కుడుతూ, తల ఎత్తకుండా చెప్పింది. ఏమంటావన్నయ్యా అని అడిగింది. ఏమీ అనలేదు. నువ్వేమీ అనవని తెలిసే అడిగాన్లే అంది.

మేస్త్రిది మా వీధి చివర కొట్టు. ఒకటో తారీఖున టెలిస్కోప్ సర్వీసింగ్ చేసేది కూడా అతనే. సాయంత్రం ఇంటికి వచ్చాడు. కొత్త చొక్కా. బావగారూ బాగున్నారా అన్నాడు.

ఫిబ్రవరి 12

నాకు ఒక్కడే బావ. ఆయన మడుగులో నిలబడి ఉన్నాడు.

ఫిబ్రవరి 19, బుధవారం

మరక కాదు. కంటిదగ్గరి గాజు తీసి గుండ్రంగా తిప్పించాను. మరకైతే దానితోపాటు తిరగాలి. తిరగలేదు. గాజుపిన్ని చిరాకుపడింది. ఒరే తాళంకప్పా, ఇన్నేళ్ళు నా గాజుకి వంక పెట్టినవాడు లేడు, నీ కంట్లోనే పొర వచ్చుంటుంది, ముందు దాన్ని తుడిపించుకో, అంది.

కంట్లో పొర లేదు. రెండో కంటితోనూ చూశాను.

ఇక మిగిలింది ముందరి పెద్ద గాజు. దాన్ని విప్పే అధికారం ఒక్క మేస్త్రికే ఉంది. సూదితో గీరితే అలాంటి చుక్క పడుతుంది. ఎందుకు గీరుతాడు? తెలీదు. నేను బడికి వెళ్ళినవాణ్ణి కాదు. దుకాణాల బోర్డులు చూసి అక్షరాలు, సామాను చీటీలు చూసి లెక్కలు నేర్చుకున్నాను. అలా నేర్చుకున్నవాడికి ఒక అలవాటు వస్తుంది. ఎవరైనా ఒక పని ఎందుకు చేస్తున్నాడో తెలియకపోతే, వాడు ఏదో దాస్తున్నాడనే అనిపిస్తుంది.

మేస్త్రి చేతులు కూడా నాకు నచ్చవు. మరీ శుభ్రంగా ఉంటాయి.

ఫిబ్రవరి 21, శుక్రవారం

చెల్లెలి అప్లికేషన్ అప్పుడే మూడు టేబుళ్ళు దాటిందట. ఈ ఆఫీసులో చీపురు కావాలని రాస్తే పాత చీపురు పుల్లలు రాలిపోయేదాకా కొత్తది రాదు. దీనికి అంత తొందరేమిటి?

గాజుపిన్నికి తెలుసు. ఆవిడకి తెలియనిది ఉండదు. తుక్కు ఓడలురా, అంది. రేవు వెనక పేరుకున్నాయి చూడు, వాటిని మడుగులోకి తోసేస్తారు. అందులో పడింది తిరిగి రాదు కదా, అంతకంటే మంచి చెత్తకుండీ ఎక్కడ దొరుకుతుంది? మనిషి ఉన్నంతకాలం అక్కడ ఏదీ పారెయ్యకూడదని రూలు అడ్డం ఉంది. మీ బావ లేడని తేలిపోతే రూలు ఉండదు, సరిచూసుకోడానికి అక్కడ ఆగిన తుక్కు ఓడైనా చాలు, నీ ఉద్యోగమూ ఉండదు, అని కూడా అంది.

ఇంటికి వచ్చి చెల్లెలికి చెప్పాను. ఇంత పెద్ద సంగతి నేను నోటితో చెప్పడం అరుదు.  ఆమె అంది, అన్నయ్యా, నన్ను ఎవరైనా మీ ఆయన ఏం చేస్తుంటారని అడిగితే ఏం చెప్పాలో పన్నెండేళ్ళుగా తెలియడం లేదు. ఉన్నాడంటే ఇంట్లో లేడు. లేడంటే అక్కడ నిలబడ్డాడు. నేను ముసలిదాన్నయ్యాక కూడా ఆయన అక్కడ ముప్పైయేళ్ళ కుర్రాడిలాగే ఉంటాడు. నేనేం పాపం చేశానని?

ఆమె పాపం ఏమీ చెయ్యలేదు. ఆ మాట నేను పైకి అనలేదు. అనాల్సింది.

ఫిబ్రవరి 27, గురువారం

తెల్లచుక్క కొంచెం పెద్దదైంది. వేలి కొస తీగల కూడలికి వెంట్రుకవాసి కిందికి దిగింది. వేలి సంగతి మామూలే. టెలిస్కోప్ తోక బరువుకి గొట్టం ముక్కు నెమ్మదిగా పైకి లేస్తుందని, అందుకే నెలకోసారి సరిచెయ్యాలని అందరికీ తెలుసు. కానీ చుక్క పెరగడం మామూలు కాదు.

గీత పెరగదు. సూదితో ఎవరో ఇంకా గీరుతుంటే తప్ప.

ఒకటో తారీఖు ఎల్లుండి. మేస్త్రి కంటే ముందే వెళ్ళి తలుపు వెనక నిలబడతాను.

మార్చి 1, శనివారం, ఉదయం ఎనిమిది

నిలబడ్డాను.

మేస్త్రి వచ్చాడు. సంచి దించి, చేతులు తుడుచుకుని, పెద్ద గాజు జోలికి అసలు పోలేదు. పక్కనున్న మర వదులు చేసి, కన్ను పెట్టి, గొట్టాన్ని పిసరంత కిందికి దించి, మర బిగించాడు. అంతే. తర్వాత తనలో తను ఏదో పాడుకుంటూ నూనె వేశాడు.

నేను తలుపు వెనకనుంచి బయటికి వచ్చేసరికి నూనెడబ్బా జారవిడిచాడు. ఏంటి బావగారూ, పిల్లిలా వచ్చారు, గుండె ఆగిపోతే మీ చెల్లెలికి రెండో మడుగయ్యేవాణ్ణి, అని నవ్వాడు. నాకు నవ్వు రాలేదు. ఇప్పుడేం చేశావని అడిగాను. రూలు పుస్తకంలో ఉన్నదే చేశానండీ, గొట్టం లేచింది, వేలి కొసకి సరిచేశాను, అన్నాడు. ఎప్పుడూ ఇలాగేనా? ఎప్పుడూ ఇలాగే. ఎప్పుడూ కిందికేనా?

ఎప్పుడూ కిందికే, అన్నాడు. అని ఆగాడు.

ఆ ఆగడం చూస్తే నాకు అనుమానం తీరలేదు, పెరిగింది. కానీ అతని మొహం దొంగ మొహంలా లేదు. దారిలో పోతూ పోతూ తన ఇల్లు దాటిపోయానని తెలుసుకున్నవాడి మొహంలా ఉంది.

అదే రోజు, పదకొండు గంటలు

మేస్త్రి నేలమీద పడుకుని స్టాండు కిందికి దూరాడు. చీకట్లోంచే నాతో మాట్లాడాడు.

గొట్టం బిగించిన రోజున స్టాండు మీద ఎర్ర రంగుతో గీత పెట్టారట. గొట్టం ప్రతి నెలా పైకి లేస్తే, ప్రతి నెలా మనం దాన్ని ఉన్నచోటికే దించుతుంటే, ఈ రోజుకీ అది ఆ గీత దగ్గరే ఉండాలి. లేదు. గీతకి బొటనవేలంత కిందుంది. గొట్టం ఎప్పుడూ లేవలేదు బావగారూ, అన్నాడు. మనమే దించుకుంటూ వచ్చాం. ఆ చేతి వెంబడే.

నేను వెళ్ళి మళ్ళీ చూశాను. తెల్లచుక్క గాజు మీద లేదు. అది బావ వెనక మడుగులో ఆగిపోయిన నక్షత్రం. ఇన్నాళ్ళూ అరచేతి చాటున ఉంది. చెయ్యి దిగింది కాబట్టి బయటపడింది.

కదలనిది ఒక్కటే అని, అన్నిటినీ దానికే సరిచూసుకున్నాం. అది కదిలినప్పుడల్లా దాన్ని తప్ప మిగతా అన్నిటినీ తప్పు పట్టి దిద్దాం. ఎవరూ మోసం చెయ్యలేదు. అందరం ఒళ్ళు దగ్గరపెట్టుకుని పని చేశాం.

బావ చెయ్యి దించుతున్నాడు. మడుగులో కాలం ఆగలేదు, నెమ్మదించింది, మన పన్నెండేళ్ళకి అంత.

అదే రోజు, సాయంత్రం

మేస్త్రి సంచి టవర్‌లోనే వదిలేసి మధ్యాహ్నమే వెళ్ళిపోయాడు. కొట్టుకి వెళ్ళి చూశాను. షట్టర్ మూసి ఉంది. ఆఫీసుకి పోయుంటాడనుకున్నాను. ఆఫీసరుతో మాట్లాడుకుని ఆ ఎర్ర గీత సంగతి తొక్కిపెడతాడని. లేదా ఊరే వదిలిపెట్టాడని. దారంతా అతణ్ణి తిట్టుకుంటూ ఇంటికి వచ్చాను.

మా ఇంట్లో ఉన్నాడు. గుమ్మం దగ్గర చెప్పుల పక్కన గోడకి ఆనుకుని నిలబడ్డాడు. చెల్లెలు కుర్చీలో ఉంది. అంతా చెప్పేశాడు.

నాకంటే ముందు చెప్పడం నాకు నచ్చలేదు. నాకంటే ముందు చెప్పగలగడం ఇంకా నచ్చలేదు.

మార్చి 2, ఆదివారం

చెల్లెలు టవర్ ఎక్కింది. మొదటి ఏడాది రోజూ ఎక్కేది. ఒకరోజు గొట్టంలోంచి ఆయన్ని చూస్తూ కూరల సంచి ఎక్కడ పెట్టావని గట్టిగా అడుగుతున్నానని గుర్తించి, ఇక రానంది. మళ్ళీ ఇవాళే.

కన్ను తియ్యకుండా చూసింది. మెడ పట్టేస్తుందని చెబుదామనుకున్నాను. 

చెల్లెలు చివరికి అంది, టాటా కాదన్నయ్యా. పిలవడమూ కాదు. తిట్టడం అసలే కాదు. కళ్ళకి వెలుతురు తగలకుండా చెయ్యి అడ్డం పెట్టుకుంటున్నాడు. మన గట్టువైపు చూస్తున్నాడు. నాకోసం వెతుకుతున్నాడు.

మళ్ళీ కన్ను పెట్టి అంది, నేను కనబడటం లేదు. అందుకే చెయ్యి దించేస్తున్నాడు.

మార్చి 9

ఇంట్లో ఎవరూ మాట్లాడటం లేదు. నాకు అలవాటే. ఆమెకి లేదు.

మార్చి 14, శుక్రవారం

ఆఫీసుకి ఫోన్ చేసి ఇవాళ కూడా కదలిక లేదు అన్నాను. ఏప్రిల్ దాకా అలాగే అంటే చాలు. ఎవరూ స్టాండు కిందికి దూరి చూడరు. చెల్లెలు పెళ్ళి చేసుకుంటుంది. బావకి తెలిసేలోగా మేమెవరమూ ఉండం. ఆయన మీద తుక్కు ఓడలు పడతాయి. పడేది ఆయనకి కనిపించదు కూడా.

చెబితే అప్లికేషన్ కొట్టేస్తారు. కదలిక ఒకసారి తేలితే ఇక లెక్క పెట్టడానికి ఏళ్ళే ఉండవు. ఆమె ఎప్పటికీ మడుగులో మనిషి భార్యే.

రెండింటిలో ఏది చేసినా నేను నా వాళ్ళలో ఒకరిని తోసేస్తున్నట్టే. రెండు మాటల ఉద్యోగం తేలిక అనుకున్నాను.

మార్చి 18, మంగళవారం

టవర్ మెట్ల దగ్గరే రంగు వాసన.

 మేస్త్రి వచ్చి ఎర్ర గీత మీద రంగు పూసేశాడు, అంతే, అనుకున్నాను. చెప్పినప్పుడు మంచివాడే, ఆలోచించుకున్నాక మనిషే కదా. ఇన్నాళ్ళూ నా అనుమానానికి సాక్ష్యం లేదు, ఇప్పుడు దొరికిందని, చెప్పకూడదు కానీ, ఒక్క క్షణం సంతోషం కూడా కలిగింది.

పైన గాజుపిన్ని కిటికీలకి ఆకుపచ్చ రంగు వేస్తోంది. ఆఫీసరు వస్తున్నాడుగా, ఈ బూజుగూడు చూసి నా జీతం కోస్తాడు, నువ్వు ఆ బ్రష్షు అందుకో, అంది. స్టాండు కిందికి దూరి చూశాను. ఎర్ర గీత అలాగే ఉంది. దాని పక్కన ధూళి తుడిచి, ఎవరూ చెరపకుండా గీతకి అడ్డంగా చిన్న రేకు బిగించి ఉంది. మేస్త్రి పనే. అంత నున్నగా మేకు కొట్టేవాడు ఈ వీధిలో ఇంకొకడు లేడు.

సాయంత్రం దాకా బ్రష్షు పట్టుకున్నాను. ఖర్చు: ఆకుపచ్చ రంగు ఒక డబ్బా.

ఏప్రిల్ 9, బుధవారం

ఉదయం తల దువ్వుకుంటూ చెల్లెలు అద్దంలోంచే నాతో అంది, నాకోసం ఆ రెండు మాటలు చెప్పొద్దన్నయ్యా. ఉన్నది చెప్పు.

ఆఫీసరు పదింటికి వచ్చాడు. మంచి మనిషే. మెట్లెక్కి ఆయాసపడుతూ, అమ్మా మీ పని ఇవాళతో అయిపోతుంది, నిశ్చింతగా ఉండండి, అన్నాడు. కన్ను పెట్టి చూశాడు. కదలిక ఏమీ కనిపించలేదు, కనిపించదు కూడా. పెన్ను తీసి, చెప్పవయ్యా, కదలిక ఉందా, అని నావైపు చూడకుండానే అడిగాడు. అప్పటికే రాయడం మొదలుపెట్టాడు.

ఉంది, అన్నాను.

పెన్ను ఆగింది. గాజుపిన్ని, తాళం తీశాడ్రోయ్, అని పైకే అనేసింది. ఆఫీసరు కోప్పడ్డాడు. వేళాకోళమా అన్నాడు. ఆ వేలి మీద రేవు మొత్తం ఆధారపడి ఉందని తెలుసా అన్నాడు. నువ్వు ఆవిడ అన్నవి, ఆవిడ పెళ్ళి నీకు ఇష్టం లేదేమో అని కూడా అన్నాడు.  మొదట్లో అది నిజమే.

అప్పుడు మేస్త్రి మోకాళ్ళ మీద కూర్చుని రేకు విప్పి, ఇలా వంగి చూడండి సార్, అన్నాడు. గీత చూపించాడు. గొట్టం ఎక్కడుందో చూపించాడు. ప్రతి నెలా దించింది నా చేతులే అన్నాడు. ఒక్క మాట అటూ ఇటూ చేస్తే పెళ్ళికొడుకయ్యేవాడు. తడబడకుండా చెప్పాడు.

ఆఫీసరు వంగి చూశాడు. లేచాక కూర్చోడానికి ఏదైనా ఉందా అని అడిగాడు. మంచినీళ్ళు అడిగాడు. కిటికీలోంచి కడలివైపు, రేవు ఇదివరకే చెత్త పోసిన మడుగు అవతలి అంచువైపు చూస్తూ, ఇలాంటివి ఇంతకుముందు చాలా సంతకం పెట్టానండీ, అన్నాడు. అందులో ఎంతమంది, అని మొదలుపెట్టి పూర్తిచెయ్యలేదు.

చెల్లెలి అప్లికేషన్ మీద తోసిపుచ్చడమైనది అని రాశాడు. మడుగులో ఇక ఏ వైపునా ఏదీ పారెయ్యకూడదని దాని కిందే రాశాడు. చెల్లెలు చదువుకుని, మడిచి, థాంక్సండీ అంది.

ఏప్రిల్ 13, ఆదివారం

చెల్లెలు మేస్త్రి ఇంటికి వెళ్ళిపోయింది. కాగితం లేకుండానే.

వీధంతా గుమ్మాల్లో నిలబడింది. గాజుపిన్ని ఎదురొచ్చి, ఏమే, పెళ్ళీ లేదు పెటాకులూ లేవు, మొహం ఎలా ఎత్తుకుంటావే, అని నిలదీసింది. ఇలా పిన్నీ, అని చెల్లెలు మొహం ఎత్తి చూపించింది. గాజుపిన్ని చూపు పెట్టె మీదికి మళ్ళించింది. పెట్టె బరువుగా ఉన్నట్టుంది జాగ్రత్త, అంది.

బరువే. నేను మోశాను.

మేస్త్రి ఎదురొచ్చి ఒక పక్క పట్టుకోబోయాడు. వద్దన్నాను. కొంతదూరం వెళ్ళాక చెయ్యి నొప్పెట్టింది. పట్టుకో బావా, అన్నాను. అనేశాక గమనించాను. అతను ఏమీ గమనించనట్టు పట్టుకున్నాడు. ఆ తెలివి ఉంది.

ఏప్రిల్ 22, మంగళవారం

టవర్ కిటికీలోంచి చూస్తే గట్టు చివర రెండు కుర్చీలు. ఒకదాంట్లో చెల్లెలు, రెండోదాంట్లో మేస్త్రి. మధ్యలో చేతి వెడల్పు ఖాళీ. ఇద్దరూ మడుగువైపు తిరిగి కూర్చున్నారు. మాట్లాడుకోవడం లేదు. కదలడం లేదు. నిన్న కూడా ఇదే వేళకి ఇలాగే ఉన్నారు.

ఏదో మొక్కుబడి మొదలుపెట్టారని వీధిలో అంటున్నారు. పిచ్చి అని కొందరు. నాకూ నమ్మకం కుదరలేదు. దిగి వెళ్ళి అడిగాను.

మేస్త్రి పెదాలు కదపకుండా చెప్పడానికి ప్రయత్నించి, కుదరక, తల తిప్పి చెప్పాడు. వేగంగా తిరిగే చక్రానికి ఆకులు కనిపించవు కదా బావగారూ. మడుగులోంచి చూస్తే మనం అలాగే. ఆయన ఒక్కసారి రెప్ప వేసేలోపు మనకి ఎన్నేళ్ళో. ఇల్లు కనిపిస్తుంది, గట్టు కనిపిస్తుంది, మనుషులు కనిపించరు. వెతికి వెతికి లేరనుకుంటున్నాడు. రోజూ ఒకేచోట, ఒకే వేళకి, కదలకుండా కూర్చుంటే, ఏళ్ళ తరబడి కూర్చుంటే, మసకగానైనా ఆయన కంటికి ఆనతామేమో. చెయ్యి పూర్తిగా దించేలోపు.

నువ్వెందుకు ఆమె పక్కన అని అడిగాను. కొంచెం కటువుగానే అడిగాను.

దానికి చెల్లెలు చెప్పింది. ఒక్కదాన్నే కనబడితే నేను ఆగి ఉన్నాననుకుంటాడు అన్నయ్యా. అది అబద్ధం. ఉన్నదున్నట్టు చూడనీ. కోపమొస్తే రానీ, ఆయన కోపం నాకు కొత్తా?

ఏప్రిల్ 23

ఫోన్ చేసి కదలిక ఉంది అన్నాను. అవతలివాడు మళ్ళీ చెప్పమన్నాడు. మళ్ళీ చెప్పాను.

ఏప్రిల్ 29, మంగళవారం

వాన. రెండు కుర్చీలూ అక్కడే. గొడుగు వెయ్యలేదు. గొడుగు వేస్తే మొహాలు కనబడవట.

బావ ఇప్పుడు ఏం చూస్తున్నాడు? టవర్లో కూర్చుని ఇదే ఆలోచిస్తున్నాను. ఆయనకి కనిపించకుండా పన్నెండేళ్ళు ఆయన్ని చూశాను. నేనొకణ్ణి చూస్తున్నానని ఆయనకి తెలీదు. మనకంటే వేగంగా ఉన్నవాళ్ళెవరైనా ఎక్కడైనా ఉంటే, వాళ్ళ గొట్టంలో మనం కూడా ఇలాగే ఉంటామా? ఈ అక్షరం రాయడానికి పెన్ను ఎత్తిన నా చేతిని చూసి, ఎవడో పొద్దున్నే ఫోన్ చేసి, కదలిక లేదు అంటున్నాడా?

కిటికీ మూశాను. తర్వాత తెరిచాను.

మే 4, ఆదివారం

ఇవాళ సెలవు. మూడో కుర్చీ తీసుకెళ్ళి చెల్లెలికి ఇటువైపు వేసుకున్నాను. 

ముక్కు మీద దురద పుట్టింది. గోక్కోలేదు.